సురభి కమలాబాయి – రంగస్థలం నుంచి టాకీకి: ఒక విమర్శనాత్మక పరిశీలన

పాఠ్యభాగ క్రమం

5.0 లక్ష్యాలు
5.1 పరిచయం
5.2 సురభి: ఇల్లే రంగస్థలం
5.3 పుట్టుక కథ – దాన్ని ఎలా చదవాలి?
5.4 తొలి టాకీ, లీలావతి పాత్ర
5.5 మైక్రోఫోన్ ముందు రంగస్థల గాత్రం
5.6 1936: ఇద్దరు ద్రౌపదులు
5.7 1951: ఇద్దరు తల్లులు
5.8 మూల్యాంకనం
5.9 సారాంశం
5.10 పదకోశం
5.11 నమూనా పరీక్ష ప్రశ్నలు

5.0 లక్ష్యాలు

ఈ పాఠం చదివిన తర్వాత మీరు:
• సురభి నాటక కుటుంబాల నేపథ్యంలో కమలాబాయి నట జీవితాన్ని వివరించగలుగుతారు.
• తొలినాటి టాకీలకు రంగస్థల గాయక నటీమణులు ఎందుకు అవసరమయ్యారో చెప్పగలుగుతారు.
• ఐతిహ్యానికీ ఆధారానికీ మధ్య తేడాను గుర్తించగలుగుతారు.
• ‘తొలి కథానాయిక’ అనే బిరుదును విమర్శనాత్మకంగా పరిశీలించగలుగుతారు.

5.1 పరిచయం

తెలుగు సినిమా చరిత్ర మీద ఏ పోటీ పరీక్షలోనైనా ఒక ప్రశ్న తప్పకుండా కనిపిస్తుంది: ‘తొలి తెలుగు టాకీ కథానాయిక ఎవరు?’ జవాబు మీకు తెలుసు. సురభి కమలాబాయి. ఒక మార్కు వస్తుంది. ఆ మార్కుతోనే ఆమె ప్రస్తావన ముగిసిపోతుంది.

చాలా ఏళ్ల కిందట ఒక సంపర్క తరగతిలో నేను ఈ సమాచారమే చెప్పి ముందుకు సాగబోయాను. వెనక బెంచీలో కూర్చున్న ఒక విద్యార్థిని లేచి, “ఆవిడ ఎలా పాడేది మాస్టారూ?” అని అడిగింది. నా దగ్గర సమాధానం లేదు. సినిమా పేరు, దర్శకుడి పేరు, తేదీ చెప్పగలిగాను కాని, ఆమె కళ గురించి ఒక్క వాక్యం చెప్పలేకపోయాను. ఆ రోజు నేను చెప్పిన తేదీ కూడా తప్పేనని తర్వాత తెలిసింది. ఆ సంగతి 5.4లో చదువుతారు.

ఈ పాఠం ఆ విద్యార్థిని ప్రశ్నకు ఆలస్యంగా ఇస్తున్న సమాధానం. ‘మొదటి’ అనే విశేషణాన్ని కాసేపు పక్కన పెట్టి, ఒక నటిగా కమలాబాయి ఏం తెచ్చింది, సినిమా ఆమె నుంచి ఏం తీసుకుంది, ఏం వదిలేసింది అనే మూడు విషయాలను ఇక్కడ పరిశీలిద్దాం.

5.2 సురభి: ఇల్లే రంగస్థలం

కమలాబాయి పేరు ముందున్న ‘సురభి’ ఆమె ఇంటిపేరు కాదు. అది కడప జిల్లాలోని ఒక గ్రామం పేరు. 1885లో వనారస గోవిందరావు ఆ ఊళ్లో ‘కీచకవధ’ నాటకం ఆడించడంతో సురభి నాటక సమాజం మొదలైందని చెబుతారు. వీరి పూర్వికులు మరాఠీ మాట్లాడే కుటుంబాల వారు. తోలుబొమ్మలాట వీరి పూర్వ వృత్తి. వెంకూబాయి, కమలాబాయి వంటి పేర్లలోని ‘బాయి’ ఆ మరాఠీ మూలాన్ని గుర్తుచేస్తుంది. ఇంట్లో మరాఠీ మాట్లాడుతూ, రంగస్థలం మీద తెలుగు పద్యాన్ని తరతరాలుగా కాపాడుతూ వచ్చిన కుటుంబాలివి. కాలక్రమంలో ఒక్క సమాజం అనేక సమాజాలుగా విస్తరించింది. ఏ శాఖకు చెందిన నటులైనా ‘సురభి’ అనే పేరునే తమ పేరు ముందు ఉంచుకున్నారు.

సురభి సమాజాల్లో రెండు విశేషాలను మీరు గమనించాలి.

మొదటిది, స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించడం. ఇరవయ్యో శతాబ్దపు తొలి దశాబ్దాల్లో తెలుగు పౌరాణిక నాటక రంగంలో స్త్రీ పాత్రలను ఎక్కువగా పురుషులే ధరించేవారు. స్థానం నరసింహారావు సత్యభామగా, చిత్రాంగిగా పొందిన కీర్తి మీరు ఇంతకుముందు పాఠాల్లో చదివే ఉంటారు. గౌరవ కుటుంబాల స్త్రీలు రంగస్థలం ఎక్కకూడదనే కట్టుబాటు బలంగా ఉన్న కాలమది. సురభి వారికి ఈ సమస్య వేరే విధంగా పరిష్కారమైంది. అక్కడ సమాజమంటే కుటుంబమే. తండ్రి రాజైతే తల్లి రాణి, అన్న మంత్రి, చెల్లెలు చెలికత్తె. కనుక కుటుంబ స్త్రీలు నాటకమాడడం ఉద్యమంగా కాక, నిత్య జీవితంగా వచ్చింది.

రెండవది, శిక్షణ. సురభి పిల్లలకు నటన నేర్పే బడి వేరే ఉండదు. ఉయ్యాలలో ఉన్నప్పటి నుంచే హార్మోనియం శ్రుతి చెవిలో పడుతుంది. నడక రాగానే బాలకృష్ణుడో, లవుడో, ప్రహ్లాదుడో అవుతారు. వయసు పెరిగే కొద్దీ పాత్రలు మారుతాయి. ఒకే నాటకంలోని నాలుగైదు పాత్రలు ఒక్కొక్కరికీ కంఠస్థంగా ఉంటాయి. అవసరాన్ని బట్టి స్త్రీలు పురుష పాత్రలు కూడా ధరిస్తారు. కమలాబాయి కూడా బాల్యంలో బాలపాత్రలతో మొదలుపెట్టి, యుక్తవయసు వచ్చాక స్త్రీ, పురుష పాత్రలు రెండూ పోషించింది.

మీ ప్రగతిని పరీక్షించుకోండి – 1
‘సురభి సమాజంలో స్త్రీలు నటించడం ఉద్యమంగా కాక, నిత్య జీవితంగా వచ్చింది.’ ఈ వాక్యాన్ని ఐదు పంక్తుల్లో వివరించండి.

5.3 పుట్టుక కథ – దాన్ని ఎలా చదవాలి?

కమలాబాయి 1907 ప్రాంతంలో జన్మించింది. ఆమె పుట్టుక గురించి ఒక కథ ప్రచారంలో ఉంది. తల్లి వెంకూబాయి నిండు చూలాలిగా దమయంతి పాత్ర ధరించిందట. నాటకం మధ్యలో నొప్పులు వచ్చాయట. తెర దించేశారు. ఆ రంగస్థలం మీదే కమలాబాయి పుట్టింది. విషయం తెలియని ప్రేక్షకులు ఇది కూడా నాటకంలో భాగమే అనుకుని రంగస్థలం మీదికి డబ్బులు విసిరారట.

వినడానికి ఎంతో బాగుంది. విమర్శకుడు ఇలాంటి కథను ఎలా చదవాలి? రెండు పొరపాట్లకు అవకాశం ఉంది. ఒకటి, దీన్ని చారిత్రక సత్యంగా యథాతథంగా రాసేయడం. రెండు, ఆధారం లేదు కనుక అబద్ధమని కొట్టిపారేయడం. ఇలాంటి కథను మనం ఐతిహ్యం అంటాం. ఐతిహ్యం ఒక సంఘటనకు రుజువు కాకపోవచ్చు. ఒక సమూహం తనను తాను ఎలా అర్థం చేసుకుందో చెప్పడానికి మాత్రం అది మంచి సాక్ష్యం.

ఆ దృష్టితో చూస్తే ఈ కథ మూడు విషయాలు చెబుతుంది. నిండు చూలాలు కూడా వేషం కట్టక తప్పని బతుకుతెరువు సురభి వారిది. వారికి పురిటి గదికీ రంగస్థలానికీ మధ్య ఉన్నది ఒక్క తెర మాత్రమే. ఇక మూడవది ముఖ్యమైనది: తెర అవతల ఒక స్త్రీ నిజంగా బాధపడుతుంటే ఇవతలి ప్రేక్షకుడు దాన్ని నటనగా భావించి మెచ్చుకున్నాడు. నటీమణి జీవితాన్నీ ఆమె పాత్రనూ విడదీసి చూడలేని మన అలవాటుకు ఈ కథ ఒక సంకేతం. ఈ పాఠంలో ఆ అలవాటును కొంత తగ్గించుకునే ప్రయత్నం చేద్దాం.

5.4 తొలి టాకీ, లీలావతి పాత్ర

1931 మార్చి 14న బొంబాయిలో తొలి భారతీయ టాకీ ‘ఆలం ఆరా’ విడుదలైంది. దాన్ని నిర్మించినది అర్దేషిర్ ఇరానీకి చెందిన ఇంపీరియల్ సంస్థ. అదే సంస్థ హెచ్.ఎం.రెడ్డి దర్శకత్వంలో తెలుగు టాకీ తీయాలనుకున్నప్పుడు ఒక చిక్కు వచ్చింది. మూకీ సినిమా నటీనటులకు మాట అవసరం లేదు. టాకీకి తెలుగు మాట్లాడడమే కాదు, తెలుగులో పాడడం కూడా వచ్చినవారు కావాలి. కొత్తవారికి నేర్పే వ్యవధి లేదు. అందుకే నాటకం, పాటలు, పద్యాలు, నటులు అన్నీ సిద్ధంగా ఉన్న సురభి సమాజం వైపు చూశారు. ధర్మవరం రామకృష్ణమాచార్యుల నాటకం ఆధారంగా ‘భక్త ప్రహ్లాద’ తయారైంది. మునిపల్లె సుబ్బయ్య హిరణ్యకశిపుడు, కమలాబాయి లీలావతి.

ఇక్కడ తేదీ సంగతి చెప్పుకోవాలి. ఈ చిత్రం 1931 సెప్టెంబర్ 15న విడుదలైందని దశాబ్దాల పాటు అందరం రాశాం, చెప్పాం. నేను కూడా తరగతిలో అదే చెప్పాను. పాత్రికేయుడు, పరిశోధకుడు రెంటాల జయదేవ ఆనాటి సెన్సారు వివరాలు, పత్రికా ప్రకటనలు వెతికి, చిత్రానికి 1932 జనవరిలో సెన్సారు పూర్తయిందనీ, 1932 ఫిబ్రవరి 6న బొంబాయిలో తొలిసారి ప్రదర్శించారనీ నిరూపించాడు. దీని నుంచి మీరు నేర్చుకోవలసిన పాఠం ఒకటుంది. పదిమంది ఒకే మాట రాసినంత మాత్రాన పది ఆధారాలు ఉన్నట్టు కాదు. ఒకరిని చూసి ఒకరు రాస్తే అది ఒక్క ఆధారమే. ఒక్కోసారి అది కూడా ఉండదు.

ఈ చిత్రం ప్రతి నేడు లభ్యం కాదు. అందువల్ల ‘కమలాబాయి లీలావతిగా అద్భుతంగా నటించింది’ వంటి వాక్యాలు మనం రాయకూడదు. పాత్ర స్వభావం గురించి మాత్రం మాట్లాడవచ్చు.

లీలావతి ఎవరు? ప్రేయసి కాదు. ఒక తల్లి. ఒకవైపు భర్త ఆజ్ఞ, మరోవైపు కొడుకు ప్రాణం. హిరణ్యకశిపుడికి అధికారం ఉంది. ప్రహ్లాదుడికి భక్తి ఉంది. లీలావతికి ఈ రెండింటిలో ఏదీ ఆసరా కాదు; ఆమెకు మిగిలింది దుఃఖం. ఆ దుఃఖాన్ని చెప్పుకోవడానికి రంగస్థలం ఆమెకు పాటను, పద్యాన్ని ఇచ్చింది. మన తొలి టాకీ ‘కథానాయిక’ నిజానికి ఒక తల్లి పాత్ర అన్న సంగతి మనం సాధారణంగా గమనించం. దాన్ని పోషించే నాటికి కమలాబాయి వయసు పాతికేళ్లు దాటలేదు. ఈ రోజుల్లో ఆ వయసు నటికి తల్లి వేషం ఇస్తే అవమానంగా భావిస్తాం. సురభి నటికి అలాంటి భావన లేదు. అక్కడ వయసును బట్టి పాత్ర కాదు, పాత్రను బట్టి వయసు.

మీ ప్రగతిని పరీక్షించుకోండి – 2
తొలి తెలుగు టాకీకి సురభి నటుల అవసరం ఎందుకు కలిగింది?

5.5 మైక్రోఫోన్ ముందు రంగస్థల గాత్రం

తొలి టాకీలలో నేపథ్య గానం లేదు. నటించేవారే కెమెరా ముందు పాడాలి. మాటా పాటా చిత్రీకరణ సమయంలోనే ముద్రణ అయ్యేవి. వాద్యకారులు కెమెరాకు కనబడకుండా దగ్గరలోనే కూర్చుని వాయించేవారు. మైక్రోఫోన్‌కు దూరంగా జరిగితే గొంతు వినబడదు.

ఇప్పుడు రంగస్థల నటి పరిస్థితి ఊహించండి. పందిట్లో చివరి వరుసలో కూర్చున్న ప్రేక్షకుడికి కూడా వినబడాలని ఆమె గొంతెత్తి పాడడం నేర్చుకుంది. పద్యం చివర ఆలాపన ఎంతసేపు సాగాలో నిర్ణయించేది ప్రేక్షకుల స్పందన. వారు ‘ఒన్స్‌మోర్’ అంటే మళ్లీ మొదటి నుంచి పాడాలి. అంటే నాటకంలో పద్యం నటికీ ప్రేక్షకుడికీ మధ్య జరిగే సంభాషణ. స్టూడియోలో ఆ ప్రేక్షకుడు లేడు. కేకలు లేవు, చప్పట్లు లేవు, చుట్టూ నిశ్శబ్దం. గొంతెత్తితే ముద్రణ చెడుతుంది. కదిలితే మాట పోతుంది.

దీన్నిబట్టి ఒక విషయం తేలుతుంది. సాధారణంగా మనం ‘రంగస్థల నటులు సినిమాకు రావడం వల్ల తొలి సినిమాలు నాటకాల్లా ఉన్నాయి’ అని విమర్శిస్తాం. ఆ మాటలో నిజం ఉంది. కాని అది సగం నిజమే. రెండో సగం ఏమిటంటే, ఆ నటులు తమ కళలో ప్రాణమైన అంశాన్ని, అంటే ఎదుట ఉన్న ప్రేక్షకుణ్ణి వదులుకుని వచ్చారు. తొలినాటి సినిమా నాటకంలా ఉందని ఫిర్యాదు చేసే మనం, ఆ నటికి నాటకంలో ఉన్నది సినిమాలో ఏది లేకుండా పోయిందో కూడా అడగాలి.

కమలాబాయి ఈ మార్పును తట్టుకుని నిలబడింది. ‘భక్త ప్రహ్లాద’ తర్వాత సర్వోత్తమ్ బాదామి దర్శకత్వంలో సాగర్ సంస్థ తీసిన ‘పాదుకా పట్టాభిషేకం’, ‘శకుంతల’ చిత్రాల్లో నటించింది. ‘శకుంతల’లో దుష్యంతుడు యడవల్లి సూర్యనారాయణ, ఆయన కూడా నాటక రంగం నుంచి వచ్చినవాడే. తర్వాత ఆమె కొన్నేళ్లు బొంబాయిలోనే ఉండి హిందీ చిత్రాల్లోనూ నటించింది. ఇంట్లో మరాఠీ, రంగస్థలం మీద తెలుగు, స్టూడియోలో హిందీ: మూడు భాషలతో బతికిన నటి ఆమె.

5.6 1936: ఇద్దరు ద్రౌపదులు

1936లో ఒకే కథతో రెండు తెలుగు చిత్రాలు పోటీగా వచ్చాయి. ‘ద్రౌపదీ వస్త్రాపహరణం’లో పసుపులేటి కన్నాంబ ద్రౌపది. ‘ద్రౌపదీ మానసంరక్షణం’లో కమలాబాయి ద్రౌపది, బళ్లారి రాఘవ దుర్యోధనుడు. ప్రజాదరణ మొదటి చిత్రానికే దక్కింది.

ఈ పోటీని ‘కన్నాంబ గెలిచింది, కమలాబాయి ఓడింది’ అని రాయడం తేలిక. కాని ఒక చిత్రం జయాపజయాలకు పాత్రధారిణి ఒక్కతే కారణం కాదు. నిర్మాణ వనరులు, దర్శకత్వం, మిగిలిన పాత్రధారులు, విడుదల సమయం అన్నీ లెక్కలోకి వస్తాయి. మనకు ఇక్కడ ఆసక్తి కలిగించేది మరో విషయం: కమలాబాయి, రాఘవ ఒకే చిత్రంలో కలుసుకోవడం.

రాఘవ ధర్మవరం రామకృష్ణమాచార్యుల మేనల్లుడు, వృత్తిరీత్యా న్యాయవాది. స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించాలని పట్టుబట్టి, చదువుకున్న స్త్రీలను రంగస్థలం మీదికి ఆహ్వానించిన సంస్కర్త. ఆయన ఒక సిద్ధాంతంగా వాదించిన విషయాన్ని సురభి స్త్రీలు ఆ వాదన పుట్టక ముందు నుంచే బతుకుతెరువుగా ఆచరిస్తున్నారు. అయినా నాటకరంగ చరిత్రలో స్త్రీల ప్రవేశం గురించి రాసేటప్పుడు సంస్కర్తల పేర్లు మొదట వస్తాయి, సురభి స్త్రీల పేర్లు చివర వస్తాయి. కొన్నిసార్లు అసలు రావు. రాఘవ కృషిని తక్కువ చేయాలని నా ఉద్దేశం కాదు. ఆయన ఎదిరించిన సామాజిక నింద చిన్నది కాదు. కాని ఉపన్యాసంగా చెప్పినది మాత్రమే చరిత్రలోకి ఎక్కి, రోజూ చేసినది ఎక్కకపోవడం న్యాయం కాదని మీరు గుర్తించాలి.

5.7 1951: ఇద్దరు తల్లులు

కమలాబాయి నటనను మీరు స్వయంగా చూసి అంచనా వేయగలిగిన చిత్రాలు రెండున్నాయి. రెండూ 1951లో వచ్చినవే, రెండూ తెలుగు సినిమాలో శిఖరాలుగా పేరు పొందినవే. విజయా వారి ‘పాతాళభైరవి’కి కె.వి.రెడ్డి, వాహినీ వారి ‘మల్లీశ్వరి’కి బి.ఎన్.రెడ్డి దర్శకులు. రెండింటిలోనూ కథానాయకుడు ఎన్.టి.రామారావు. రెండింటిలోనూ ఆయన తల్లి కమలాబాయి.

‘పాతాళభైరవి’లో ఆమె తోటరాముడి తల్లి. కొడుకు సాహసి, తల్లికి అతడి సాహసమే భయం. ‘మల్లీశ్వరి’లో ఆమె నాగరాజు తల్లి, మల్లీశ్వరికి మేనత్త. మేనరికం ఆశ ఉన్నా డబ్బు లేని ఇల్లు ఆమెది. ఎదుట ఋష్యేంద్రమణి పోషించిన మల్లి తల్లి నాగమ్మ గొంతు పెద్దది, ఆశ పెద్దది. ఋష్యేంద్రమణి కూడా రంగస్థలం నుంచి వచ్చిన గాయక నటే. ఇద్దరు రంగస్థల గాయక నటీమణులు పేద తల్లిగా, గయ్యాళి తల్లిగా ఒకే చిత్రంలో కనిపిస్తారు.

ఈ చిత్రాలు చూసేటప్పుడు ఒక విషయం గమనించండి. రెండింటిలోనూ పాటలు ప్రసిద్ధమైనవే. కాని రెండింటిలోనూ కమలాబాయి పాత్రకు పాట లేదు. ఇరవయ్యేళ్ల క్రితం లీలావతిగా ఆమె పాడింది. ఇప్పుడు మాట్లాడుతుంది, కళ్లు తుడుచుకుంటుంది, కొడుకు కోసం ఎదురుచూస్తుంది. కాని పాడదు. ఈ మధ్య కాలంలో నేపథ్య గానం స్థిరపడింది. కథా నిర్మాణం మారింది. పాట ప్రేమికుల సొత్తు అయింది. ఆ తర్వాత భక్తులది, హాస్యగాళ్లది. తల్లి దుఃఖం మాటలతో సరిపెట్టుకోవలసి వచ్చింది.

సాధారణంగా కమలాబాయి జీవితాన్ని ‘కథానాయికగా మొదలై తల్లి వేషాలకు దిగిపోయింది’ అని చెబుతారు. ఈ మాటతో నేను ఏకీభవించను. ఆమె తొలి ప్రసిద్ధ సినిమా పాత్రా తల్లే, చివరి దశలోని ప్రసిద్ధ పాత్రలూ తల్లులే. దిగిపోయింది ఆమె కాదు. తల్లి పాత్రకు రంగస్థలం ఇచ్చిన స్థానం సినిమాలో తగ్గిపోయింది. ఆమె నుంచి తీసేసింది కథానాయిక హోదాను కాదు, పాటను.

ఇందులో సినిమా తప్పు మాత్రమే చూడడం సరికాదు. పాట లేనప్పుడు నటి ఏం చేయగలదో కూడా ఈ చిత్రాలే చూపిస్తాయి. ఈ రెండు పాత్రల్లో కమలాబాయి గొంతు రంగస్థల స్థాయిలో ఉండదు. మాట ఇంటి మాటలా ఉంటుంది. పందిట్లో చివరి వరుస వరకు వినిపించడం నేర్చుకున్న నటి, పక్కనున్న కొడుకుతో మాట్లాడినట్టు మాట్లాడడం కూడా నేర్చుకుంది. నా దృష్టిలో ఆమె సాధించిన అసలైన మార్పు ఇదే.

కృత్యం
‘మల్లీశ్వరి’ చూసి, నాగరాజు తల్లి, నాగమ్మ కలిసి కనిపించే ఒక సన్నివేశాన్ని ఎంచుకోండి. మొదట శబ్దం తీసేసి, తర్వాత శబ్దంతో చూడండి. ఇద్దరు నటీమణుల ముఖ కవళికల్లో, గొంతు స్థాయిలో మీరు గమనించిన తేడాలను ఒక పేజీ రాయండి.

5.8 మూల్యాంకనం

పై చర్చను బట్టి కమలాబాయి స్థానాన్ని ఇలా నిర్ణయించవచ్చు.

అ) తొలి తెలుగు టాకీ తన కళాకారులను తాను తయారు చేసుకోలేదు. ఒక వృత్తి నాటక సంప్రదాయం దగ్గర అప్పు తీసుకుంది. కమలాబాయి ఆ అప్పుకు ప్రతినిధి. ‘సినిమా ఆమెకు అవకాశమిచ్చింది’ అనడం కంటే ‘ఆమె వల్ల సినిమాకు నోరు వచ్చింది’ అనడం వాస్తవానికి దగ్గర.

ఆ) ఆమె కృషిలో ఎక్కువ భాగం రంగస్థలం మీద, లభ్యం కాని చిత్రాల్లో ఉంది. లభిస్తున్నవి ఎక్కువగా చిన్న పాత్రలు. అందువల్ల లభించిన వాటిని బట్టి మొత్తాన్ని కొలవకూడదు. లభించని వాటిని ఊహతో నింపకూడదు. విమర్శకుడు ఈ రెండింటి మధ్య నడవాలి.

ఇ) ‘తొలి కథానాయిక’ బిరుదు ఆమెకు గౌరవమే. కాని ఆ బిరుదు ఆమెను ఒక తేదీకి కట్టిపడేసింది. ఆ తేదీ కూడా సరైనది కాదని తేలింది. బాలపాత్రల నుంచి తల్లి పాత్రల వరకు సాగిన నట జీవితాన్ని ఒక తేదీతో సరిపెట్టలేం.

‘ఆవిడ ఎలా పాడేది?’ అని అడిగిన విద్యార్థినికి ఈ రోజైతే ఇలా చెబుతాను: “అమ్మా, లీలావతిగా ఆవిడ పాడిన పాట మనకు మిగల్లేదు. ఆ గొంతు మాట్లాడగా విన్నాం. పాడడం మానిపించాక కూడా అది ఎంత నిబ్బరంగా ఉందో ‘పాతాళభైరవి’ చూసి నువ్వే చెప్పు.”

5.9 సారాంశం

సురభి కమలాబాయి వృత్తి నాటక కుటుంబంలో పుట్టి, బాల్యం నుంచే రంగస్థలం మీద పెరిగిన గాయక నటి. సురభి సమాజంలో స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించడం వల్ల ఆమెకు సమగ్రమైన శిక్షణ లభించింది. 1932 ఫిబ్రవరి 6న తొలిసారి ప్రదర్శితమైన ‘భక్త ప్రహ్లాద’లో లీలావతిగా నటించింది. తొలి టాకీలలో నటులే పాడవలసి రావడం వల్ల రంగస్థల గాయక నటీమణులు అవసరమయ్యారు. 1936లో బళ్లారి రాఘవతో కలిసి ‘ద్రౌపదీ మానసంరక్షణం’లో నటించింది. 1951లో ‘పాతాళభైరవి’, ‘మల్లీశ్వరి’ చిత్రాల్లో తల్లి పాత్రలు పోషించింది. నేపథ్య గానం స్థిరపడిన తర్వాత తల్లి పాత్రకు పాట దూరమైంది. కమలాబాయి నట జీవితం ఈ మార్పుకు నిదర్శనం.

5.10 పదకోశం

ఐతిహ్యం: తరతరాలుగా చెప్పుకునే కథ, లిఖిత ఆధారం లేని వృత్తాంతం.
టాకీ: మాటలు, పాటలు వినిపించే చలనచిత్రం.
మూకీ: శబ్దం లేని చలనచిత్రం.
నేపథ్య గానం: తెర మీద నటించేవారికి బదులు మరొకరు పాడడం.
ఆలాపన: రాగాన్ని సాహిత్యం లేకుండా విస్తరించి పాడడం.
మేనరికం: మేనత్త, మేనమామల పిల్లల మధ్య వివాహ సంబంధం.

5.11 నమూనా పరీక్ష ప్రశ్నలు

I. ఈ కింది ప్రశ్నలకు 30 పంక్తుల్లో సమాధానాలు రాయండి.
1. తొలినాటి తెలుగు టాకీ రంగస్థలానికి ఏ విధంగా రుణపడి ఉందో కమలాబాయి నట జీవితం ఆధారంగా వివరించండి.
2. ‘దిగిపోయింది ఆమె కాదు, తల్లి పాత్రకు ఉన్న స్థానం’ అనే అభిప్రాయాన్ని సమర్థిస్తూ లేదా ఖండిస్తూ చర్చించండి.

II. ఈ కింది ప్రశ్నలకు 10 పంక్తుల్లో సమాధానాలు రాయండి.
1. కమలాబాయి పుట్టుక గురించిన ఐతిహ్యాన్ని విమర్శకుడు ఎలా చదవాలి?
2. ‘భక్త ప్రహ్లాద’ విడుదల తేదీ వివాదం మనకు నేర్పే పరిశోధన సూత్రం ఏమిటి?
3. స్త్రీ పాత్రధారణ విషయంలో రాఘవ దృక్పథాన్ని, సురభి ఆచరణను పోల్చండి.